బాబాయ్‌తో జోజిలా: ఎక్కడ ఆగాలి, ఎక్కడ పడుకోవాలి

శ్రీనగర్ నుంచి కార్గిల్ వెళ్లేవాళ్లు రాత్రి సోనమర్గ్‌లో కాకుండా జోజిలా కనుమ దాటాక వచ్చే ద్రాస్‌లో పడుకోండి. ఈ మాట ముందే ఎందుకు చెబుతున్నానంటే, మేం చేసిన పొరపాటు అదే. ఫొటోలు చూసి సోనమర్గ్‌లో ఒక హోటల్ బుక్ చేశాను. కిటికీలోంచి మంచుకొండ కనిపిస్తుందన్నారు, జనరేటర్ షెడ్డు కనిపించింది. వేడినీళ్లకు బకెట్‌కింత అని విడిగా డబ్బులు. నేను రిసెప్షన్‌లో గొడవ పడుతుంటే బాబాయ్ దుప్పటి కప్పుకుని, "బంకర్లో పడుకున్నోడికి ఇది ఫైవ్ స్టార్‌రా, వచ్చి పడుకో" అన్నాడు.

బాబాయ్ సైన్యంలోని ఇంజనీర్ల దళం మద్రాస్ సాపర్స్‌లో చేసి హవల్దారుగా రిటైరయ్యాడు. మా ఊళ్లో మిలట్రీ అంటే బోర్డర్లో తుపాకీ పట్టుకుని నిలబడటమే. ఈయనేమో బెంగళూరు అల్సూరు చెరువు దగ్గర ట్రైనింగ్ అయింది మొదలు వంతెనలు కట్టాడు, రోడ్లు వేశాడు, నేలలో పాతిన మందుపాతరలు, అదే మైన్లు, తీశాడు. సెలవుల్లో వచ్చి ఈ కబుర్లు చెబుతుంటే, మొగుడు మిలట్రీ పేరు చెప్పి ఎక్కడో తాపీ పని చేస్తున్నాడని పిన్నికి చాన్నాళ్లు అనుమానం. 1780లో మొదలైన దళం అది. అందులో చేరాక తమిళుడైనా తెలుగువాడైనా మిగతా సైన్యానికి 'తంబి'యే.

ఈ ట్రిప్పు ఆయన కోరిక. చూడాలనుకున్నది కార్గిల్ కాదు, దారిలో ఉన్న జోజిలా.

శ్రీనగర్ నుంచి సోనమర్గ్ 80 కిలోమీటర్లు. 2025 జనవరిలో తెరిచిన ఆరున్నర కిలోమీటర్ల సొరంగం పుణ్యమా అని ఆ భాగం హాయిగా సాగిపోతుంది. టెన్షన్ అంతా ఆ తర్వాతే. బాల్తాల్ పైనుంచి వంపులు తిరుగుతూ ఎక్కే రోడ్డుకు ఒక పక్క కొండ, ఇంకో పక్క ఏమీ ఉండదు. వాహనాలను ఏ వేళకు ఎటు వదులుతారో ముందురోజే కనుక్కోండి. మా ఏజెంటు అది చెప్పకపోవడంతో లారీల వెనక రెండు గంటలు నిలబడ్డాం. ప్రీపెయిడ్ సిమ్ పనిచేయదు కాబట్టి ఫోన్ చేసి తిట్టే వీలు కూడా లేదు. బయటి రాష్ట్రాల వాళ్లకు ఇక్కడ పోస్ట్‌పెయిడ్ ఉంటేనే సిగ్నల్.

ఆ రెండు గంటలే ట్రిప్పు మొత్తంలో నాకు మిగిలిన మంచి జ్ఞాపకం. బాబాయ్ కారు దిగి, బాల్తాల్ వైపు లోయలోకి వేలు చూపిస్తూ మొదలుపెట్టాడు. 1948లో ఈ కనుమ పాకిస్తాన్ వైపు నుంచి వచ్చిన శత్రువు చేతిలో ఉంది. లద్దాఖ్‌కు దారి మూసుకుపోయింది. సెప్టెంబరులో పదాతి దళం దాడి చేసింది, కుదరలేదు. పైన గుహల్లో కూర్చున్న మెషిన్ గన్లను కింది నుంచి ఎక్కేవాడు ఏం చేస్తాడు? ట్యాంకులు తీసుకెళ్దామని అక్కడి కమాండర్ జనరల్ తిమ్మయ్య నిర్ణయించారు. ఉన్నదేమో కంచరగాడిదలు నడిచే బాట, స్టువర్ట్ ట్యాంకు బరువేమో సుమారు 15 టన్నులు. మేజర్ తంగరాజు కింద మద్రాస్ సాపర్లు ఆ బాటను ట్యాంకు పట్టేంత వెడల్పు చేశారు.

"ఇప్పుడు మన కారు ఎక్కడానికే మూలుగుతోంది. వాళ్లు శత్రువు తుపాకుల కింద, ఈ చలిలో, కొండను పేల్చుకుంటూ వేశారు," అన్నాడు.

ట్యాంకుల సంగతి శత్రువుకు తెలియకుండా తురెట్లు (గన్ను ఉండే పైభాగాలు) విప్పి జమ్మూ వైపు నుంచి బాల్తాల్ దాకా తెచ్చారు. నవంబరు 1న మంచు కురుస్తుండగా 7 లైట్ కావల్రీ అనే రెజిమెంటు ట్యాంకులు 3,528 మీటర్ల కనుమ ఎక్కేశాయి. తిమ్మయ్య ముందు ట్యాంకులోనే ఉన్నారు. ఆ నెలలోనే ద్రాస్, కార్గిల్ మళ్లీ మన చేతికొచ్చాయి. "అందరికీ ట్యాంకు గుర్తుంటుంది. అది ఎక్కిన బాట ఎవడు వేశాడని అడగరు," అన్నప్పుడు ఆయన గొంతులో ఉన్నది కోపమో గర్వమో నాకు తెలియలేదు. ఇప్పుడు అదే కొండ కింద పదమూడు కిలోమీటర్ల జోజిలా సొరంగం తవ్వుతున్నది మన హైదరాబాద్ కంపెనీ మేఘా అని చెప్తే మాత్రం, "పర్లేదు, తంబీలు చూపించిన దారే" అని నవ్వాడు.

టూరిస్టులు మంచు కోసం ఆగే జీరో పాయింట్‌లో దిగకపోయినా నష్టం లేదు. అద్దె కోట్లు, మంచు స్కూటర్లు, మూడింతల ధరకు మ్యాగీ. ఆ అరగంట గుమ్రి దగ్గర రోడ్డు పక్కనున్న జోజిలా యుద్ధ స్మారకానికి ఇవ్వండి. చిన్నది, జనం ఉండరు. చాలా కార్లు ఆగకుండానే పోతాయి.

ద్రాస్‌లో ఒక ఇంట్లో దిగాం. గది మామూలుదే కానీ రజాయిలు మందం, ఇంటావిడ అడగకుండానే వేడినీళ్లు పెట్టింది. కూరలో కారం లేదని నేను తెచ్చిన గోంగూర పచ్చడి తీశాను, వాళ్ల పిల్లాడు రుచి చూసి కళ్లనీళ్లు పెట్టుకున్నాడు. వాణ్ని ఊరుకోబెట్టడానికి బాబాయ్ అన్నం కుప్పలో బిస్కెట్టు దాచి, ఫోర్కుతో మైను వెతికే ఆట చూపించాడు. నిలువుగా గుచ్చకూడదట. పైన గుచ్చితే పేలుతుంది. ముప్ఫై డిగ్రీల వాలులో, మెల్లగా, పక్క తగిలేలా గుచ్చాలి. తగిలితే ఆగి, వేళ్లతో మట్టి తీయాలి. ఆయన చేయి ఎంత నెమ్మదిగా కదిలిందంటే, పిల్లాడు ఏడుపు మర్చిపోయాడు, నేను అన్నం మర్చిపోయాను.

ఆ ఊపులో, నౌషేరా-రాజౌరి దారిలో 1948 ఏప్రిల్లో గాయపడ్డా మైన్లు, చెట్లు తొలగిస్తూ ట్యాంకులకు దారి చేసిన రాణే గురించి కూడా చెప్పాడు. బతికుండగా పరమవీర చక్ర అందుకున్న తొలివాళ్లలో ఒకరు. "బాంబే సాపర్ అనుకో, అయినా మనోడే," అని ఒప్పుకున్నాడు. 1944లో ఇటలీలో తనవాళ్లను కాపాడటానికి మైను మీద పడి ప్రాణమిచ్చిన సుబేదార్ సుబ్రమణ్యన్ కథ మాత్రం సగంలో ఆపేసి, నీళ్లు తాగి పడుకున్నాడు. ఆయన మద్రాస్ సాపరే.

కార్గిల్ యుద్ధ స్మారకం ద్రాస్ దాటగానే, తోలోలింగ్ కొండ కింద ఉంది. చాలా శుభ్రంగా, పద్ధతిగా నడుపుతున్నారు. పొద్దున్నే వెళ్లండి, మధ్యాహ్నానికి బస్సులు దిగుతాయి. గోడ మీద పేర్ల దగ్గర బాబాయ్ గంటసేపు నిలబడ్డాడు.

కార్గిల్ వైపు వెళ్తుంటే ఒకచోట విడి ఉక్కు ప్యానెళ్లు కలిపి కట్టే బెయిలీ వంతెన వచ్చింది. కారు ఆపమన్నాడు. ఒక్కో ప్యానెల్ పదడుగులు, 260 కిలోలు, ఆరుగురు ఎత్తి పెట్టి పిన్ను దించుతారు, క్రేన్ అక్కర్లేదు అని వివరించాడు. 2024లో వయనాడ్ చూరల్‌మలలో తన సాపర్స్ సెంటర్ వాళ్లు కట్టింది 190 అడుగులది. "అంటే పొడవునా పంతొమ్మిది ప్యానెళ్లు," అని వేళ్లు మడిచి, పిన్ను మీద అరచేత్తో రెండుసార్లు తట్టాడు. వెనక లారీ హారన్ కొడుతోంది. డ్రైవర్ విసుక్కుంటున్నాడు. బాబాయ్ మాత్రం రెండో పక్క పిన్నులు కూడా చూసి గానీ కారెక్కలేదు.