సాలార్‌జంగా, చౌమహల్లానా, పురానీ హవేలీయా?

సెలవులు వచ్చాయంటే నాకు ఈ ప్రశ్న తప్పదు. "ఊరి నుంచి హైదరాబాద్‌కు చుట్టాలు వస్తున్నారు, ఒక్క పూటే టైముంది. సాలార్‌జంగ్ మ్యూజియం చూపించాలా, చౌమహల్లా ప్యాలెస్ చూపించాలా?" విడివిడిగా జవాబిచ్చే ఓపిక లేక ఇక్కడ రాస్తున్నా. పురానీ హవేలీ గురించి ఎవరూ అడగరు. దాన్ని నేనే కలుపుతున్నా.

పార్కింగ్, టికెట్ ధర, పిల్లలకు విసుగు పుడుతుందా అన్నవి అందరూ చూసుకునేవే. నేను చూసేది వేరు. ఒక దొర సరదాపడి కొనుక్కున్న వస్తువు ఆ దొర ఇంట్లోనే ఉందా, లేక అక్కణ్ణుంచి కదిలిందా? ఎంత గొప్ప వస్తువైనా అద్దాల పెట్టెలోకి చేరాక అది హైదరాబాద్‌లో ఉన్నా ఢిల్లీలో ఉన్నా ఒకటే. ఉండాల్సిన గదిలో ఉంటే దానితోపాటు మనిషి కూడా కనిపిస్తాడు.

ఈ లెక్కన సాలార్‌జంగ్ చిత్రమైన కేసు. సాలార్‌జంగ్ అన్నది నిజాంల దగ్గర దివాన్లుగా, అంటే ప్రధానమంత్రులుగా, చేసిన కుటుంబం బిరుదు. మూడో సాలార్‌జంగ్ మీర్ యూసుఫ్ అలీఖాన్ 1912లో, పాతికేళ్లు నిండకుండానే నిజాంకు దివాను అయ్యాడు. రెండేళ్లకే పదవి వదిలేశాడు. 1949లో చనిపోయేదాకా వస్తువులు కొంటూనే ఉన్నాడు. పెళ్లి లేదు, వారసులు లేరు. ఆయన మహళ్లలో చెల్లాచెదురుగా పడి ఉన్న వస్తువులను కళా విమర్శకుడు జేమ్స్ కజిన్స్ సర్దిపెడితే, 1951 డిసెంబర్ 16న నెహ్రూ మ్యూజియం ప్రారంభించారు. ఎక్కడనుకుంటున్నారు? సాలార్‌జంగ్‌ల సొంతిల్లు దివాన్ దేవిడీలోనే. అంటే మొదటి పదిహేడేళ్లు జనం ఆయన వస్తువులను ఆయన ఇంట్లోనే చూశారు! 1968లో అంతా మూసీ ఒడ్డున కట్టిన ఇప్పటి భవనానికి తరలిపోయింది. ఇవాళ దివాన్ దేవిడీ అంటే పాతబస్తీలో బట్టల హోల్‌సేల్ దుకాణాలే గుర్తొస్తాయి. ఇల్లు అమ్మేసి సామాను అపార్ట్‌మెంట్లో సర్దుకున్న కుటుంబంలా ఉంటుంది నాకు ఆ మ్యూజియం. అన్నీ ఉన్నాయి, వాటి వాటి మూలలే లేవు.

అయినా ఆ సామాను సామాన్యమైంది కాదు. ఇటలీ శిల్పి బెంజోని చెక్కిన మేలిముసుగు రెబెకా విగ్రహాన్ని మొదటి సాలార్‌జంగ్ 1876లో రోమ్‌లో కొన్నాడు. ముసుగు కూడా పాలరాయే అని తెలిసి కూడా చెయ్యి పెట్టి చూడాలనిపిస్తుంది. నూర్జహాన్ బాకు ముందు కాసేపు ఆగండి. గంట కొట్టే గడియారం దగ్గర మాత్రం మధ్యాహ్నం పన్నెండుకు కాలు పెట్టే సందుండదు. దాన్ని పిల్లలకు వదిలేసి, ఆ సమయంలో మీరు పచ్చరాయి పాత్రలు చూసుకుంటే ప్రశాంతం. గ్యాలరీలు సుమారు నలభై. అన్నీ చూడాలని పట్టుబట్టారంటే సగంలోనే కాళ్లు పీకుతాయి.

చౌమహల్లాది దీనికి తిరగబడిన కథ. ఇల్లుంది, సామానే పల్చన. 1750 ప్రాంతంలో నిజాంల వంశపు పాలకుడు సలాబత్ జంగ్ మొదలుపెట్టిన మహళ్లు ఐదో నిజాం కాలంలో పూర్తయ్యాయి. ఒకప్పుడు 45 ఎకరాలు, ఇప్పుడు మిగిలింది 12. శిథిలమవుతున్న దాన్ని ఏడో నిజాం మనవడు ముకర్రం జా మాజీ భార్య ఎస్రా పూనుకుని బాగు చేయించి, 2005లో జనానికి తెరిపించారు. ఖిల్వత్ దర్బారు హాల్లో పందొమ్మిది షాండిలియర్ల కింద నిలబడితే మనం కూడా కొంచెం నిటారుగా నిలబడతాం. 2023 జనవరిలో ముకర్రం జా భౌతికకాయాన్ని జనం చూడ్డానికి ఉంచింది కూడా ఈ ప్యాలెస్‌లోనే. అందుకే ఇది నాకు ఇప్పటికీ ఇల్లులాగే అనిపిస్తుంది. అయితే దుస్తులు, ఆయుధాలు, ఫొటోలు, పసుపు రంగు 1912 రోల్స్‌రాయిస్, ఇంకొన్ని కార్లు చూశాక "ఇంతేనా?" అనేవాళ్లుంటారు. నిజాం నగల కోసం వెతకొద్దు. వాటిని 1995లో కేంద్ర ప్రభుత్వం 218 కోట్లకు కొనేసింది.

ఇక పురానీ హవేలీ. చిన్నది, వెలుతురు తక్కువ, జనం కూడా తక్కువే. ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ ఇల్లు. భవనంలో ఒక రెక్క పొడవునా ఆయన వార్డ్‌రోబ్ ఉంది. రెండు అంతస్తులు, పై అంతస్తుకు చేత్తో తిప్పే చెక్క లిఫ్టు. వేసిన బట్ట మళ్లీ వేసేవాడు కాదని చెబుతారు. ఆ మాట ఎంత నిజమోగానీ, ఆ బీరువాల వరస పక్కన నడుస్తుంటే నమ్మాలనిపిస్తుంది. దాన్ని పెకిలించి మరో చోట పెడితే పాత చెక్కసామానే మిగులుతుంది. మిగతా గదుల్లో ఏడో నిజాం రజతోత్సవానికి వచ్చిన కానుకలు, వెండి నమూనాలు ఉంటాయి. 2018 సెప్టెంబర్‌లో ఇక్కణ్ణుంచే బంగారు టిఫిన్ బాక్స్ పోయింది. కొద్ది రోజుల్లోనే దొరికింది. దొంగల్లో ఒకడు అందులో అన్నం కూడా తిన్నాడని పోలీసులు చెప్పారు. నిజాం దాన్ని అలా వాడాడో లేదో!

నిజాంల మరో ప్యాలెస్ ఫలక్‌నుమా 2010 నుంచి హోటల్. డబ్బుంటే వెళ్లండి, 101 మంది కూర్చునే భోజనాల బల్ల బాగుంటుంది.

హైదరాబాద్‌కు మొదటిసారి వచ్చినవాళ్లను సాలార్‌జంగ్‌కే తీసుకెళ్లండి, లేకపోతే రెబెకాను చూపించలేదని ఏళ్ల తరబడి అంటారు. పెళ్లిబట్టలతో ఫొటోలు కావాలంటే చౌమహల్లా. నన్నడిగితే మాత్రం పురానీ హవేలీ, అక్కణ్ణుంచి టైముంటే ఆటోలో చౌమహల్లా. శుక్రవారం మాత్రం బయల్దేరకండి, ఈ మూడూ మూసే ఉంటాయి.