‘పడుంటుందిలే’ అనడం మానేసి నాలుగేళ్లు

గోడకు ఒక అర బిగించాల్సి వచ్చి కొలత టేపు కోసం ఇల్లంతా వెతికాను. దొరకలేదు. కొత్తది కొన్నాం. అర బిగించిన వారానికి పాత టేపు కుట్టుపెట్టెలో బయటపడింది. ఇంకో నెలకు మూడోది, ఎప్పుడో పక్కన పడేసిన బ్యాగు అడుగున. మూడూ ఒకే పొడవు, ఒకే పసుపు రంగు. వాటిని పక్కపక్కన పెట్టి చూసిన సాయంత్రమే నా మినిమలిజం, అంటే అవసరమైనవే ఉంచుకుని ఇంట్లో సామాను తగ్గించుకోవడం, మొదలైంది. జ్ఞానోదయం లాంటిదేమీ కాదు, ఒళ్లు మండింది అంతే.

అది జరిగి నాలుగేళ్లు. ఈ పద్ధతి మొదలుపెట్టిన మూడు నెలలకే రాసిన అనుభవాలు చాలా చదివాను. అందరూ గాల్లో తేలుతున్నట్టే రాస్తారు. నేనూ అప్పుడే రాసుంటే అలాగే రాసేదాన్ని. ఏ వస్తువు సంగతైనా వారంటీ అయిపోయాకే కదా తెలిసేది, దీని సంగతీ అంతే. నా మార్కులు 5కి 3.5. ఆ ఒకటిన్నర ఎక్కడ పోయిందో కూడా చెప్తాను.

మొదలుపెట్టడమే తప్పు చోట మొదలుపెట్టాను. ఇల్లు సర్దుకోవడం నేర్పే జపాన్‌ ఆవిడ మేరీ కోండో పద్ధతిలో ఒక వరస ఉంది: ముందు బట్టలు, తర్వాత పుస్తకాలు, కాగితాలు, చిల్లర సామాను, అన్నిటికన్నా చివర జ్ఞాపకాలతో ముడిపడిన వస్తువులు. నేను నేరుగా ఉత్తరాలూ ఫొటోలూ ఉన్న పెట్టె తెరిచాను. పొద్దున కూర్చున్నదాన్ని చీకటి పడేదాకా నేల మీదే ఉన్నాను. ఒక్క కాగితం కూడా బయటికి పోలేదు. పైగా కళ్లు వాచాయి. ఆ వరస ఎందుకు పెట్టారో అప్పుడు అర్థమైంది. వదలడం కూడా ఒక అలవాటే, దాన్ని పాత సాక్సుల మీద నేర్చుకోవాలి గానీ నాన్న చేతిరాత మీద కాదు.

బట్టల దగ్గర పెద్దగా చెప్పడానికేం లేదు. అమెరికాకు చెందిన కోర్ట్నీ కార్వర్ 2010లో మొదలుపెట్టిన ప్రాజెక్ట్ 333 ప్రయత్నించాను. బట్టలూ చెప్పులూ నగలూ అన్నీ కలిపి 33 వస్తువులతోనే 3 నెలలు గడపాలి. లోదుస్తులూ రాత్రి బట్టలూ లెక్కలోకి రావు. మూడు నెలలూ హాయిగా గడిచాయి. మార్పు ఎవరైనా గమనిస్తారేమో అనుకున్నాను. ఒక్కరు కూడా గమనించలేదు. ఇప్పుడు లెక్కపెట్టడం లేదు, కానీ బీరువా తలుపు మాత్రం ఒంటి చేత్తో మూసుకుంటోంది.

అసలు కథ వైర్ల పెట్టెది. మందపాటి అట్టపెట్టె, పైన స్కెచ్ పెన్నుతో ‘వైర్లు’ అని రాసి ఉంటుంది. అంతకుమించి లోపల ఏముందో ఎవరికీ తెలియదు. దాన్ని నేల మీద బోర్లించాను. ఒకదానికొకటి చుట్టుకున్న నల్లటి ముద్ద. విడదీయడానికే గంట పట్టింది. వెడల్పాటి మూతి చార్జర్లు, సన్న మూతివి, ఏ ఫోన్‌కీ పట్టని గుండ్రటి పిన్నులవి, ఒక చెవిలోనే వినపడే ఇయర్‌ఫోన్లు, మోడెంతో వచ్చి కవర్ కూడా విప్పని కేబుళ్లు. రెండు పాత ఫోన్లు కూడా దొరికాయి. అందులో ఒకదాని వెనక మూత ఉబ్బి, అంచు దగ్గర వేలి గోరు దూరేంత సందు ఏర్పడింది. బ్యాటరీ ఉబ్బిందన్నమాట. దుప్పట్ల పక్కనే ఎన్నేళ్లుగా ఉందో! ‘పడుంటుందిలే’ అంటాం కానీ, లిథియం బ్యాటరీ ఊరికే పడుండే రకం కాదు. అలా ఉబ్బినదాన్ని నొక్కకూడదు, గుచ్చకూడదు, చార్జింగ్ పెట్టకూడదు, మామూలు చెత్తలో అసలే వేయకూడదు.

ఆ రెండు ఫోన్లనూ ఎలక్ట్రానిక్ చెత్త తీసుకునే చోటు కనుక్కుని ఇచ్చి రావడానికి రెండు శనివారాలు పట్టింది. పనిచేసేదాన్ని ఇచ్చేముందు అకౌంట్లన్నీ తీసేసి రీసెట్ చేశాను. ఇక్కడే ఈ పద్ధతి మీద నా మొదటి ఫిర్యాదు. పెట్టె ఖాళీ చేసిన ఫొటో అందరూ పెడతారు, అందులోది ఎక్కడికి పోయిందో ఎవరూ చెప్పరు. 2022 ఒక్క ఏడాదిలోనే ప్రపంచంలో 6.2 కోట్ల టన్నుల ఎలక్ట్రానిక్ చెత్త పోగైందనీ, అందులో పద్ధతిగా సేకరించి రీసైకిల్ చేసినట్టు లెక్క ఉన్నది 22.3 శాతమేననీ ఐక్యరాజ్యసమితి సంస్థలు 2024లో ఇచ్చిన నివేదిక చెప్తోంది. నా ఇల్లు ఖాళీ అయితే ఇంకెక్కడో గుట్ట పెరుగుతుంది. బట్టలైనా అంతే. దానం చేశామని మనసు తేలికపడుతుంది కానీ, చిరిగినవీ మరకలవీ మూటకట్టి ఇస్తే, పారేసే పని ఇంకొకరి నెత్తిన పెట్టినట్టే. మొదటి ఏడాది నేనూ అదే చేశాను. ఇప్పుడు ఉతికి, గుండీ ఊడితే కుట్టి, నేనైతే తొడుక్కుంటానా అని చూసి ఇస్తున్నాను. పని నెమ్మదిగా సాగుతుంది. సాగనీ.

ఇక, వస్తువు వదలడానికి చేయి ఎందుకు ఆడదు అన్న సంగతి. కానమన్, నెచ్, థేలర్ అనే ముగ్గురు పరిశోధకులు 1990లో ప్రచురించిన ప్రయోగం ఒకటి ఉంది. విద్యార్థుల్లో కొందరికి కప్పులు ఇచ్చి, ఎంతకు అమ్ముతారని అడిగారు. కప్పు లేనివాళ్లను ఎంతకు కొంటారని అడిగారు. కప్పు చేతికొచ్చి కాసేపే అయినా, అమ్మేవాళ్లు చెప్పిన ధర కొనేవాళ్లు చెప్పినదానికి దాదాపు రెట్టింపు ఉంది. కాసేపట్లోనే అంత మమకారం పుడితే, పన్నెండేళ్లు బీరువాలో ఉన్న కోటు గురించి ఇంకేం చెప్తాం. అందుకే ‘దీన్ని వదలగలనా’ అని అడగడం మానేశాను. ‘ఇది నాది కాకపోయుంటే ఇవాళ డబ్బు పెట్టి కొంటానా’ అని అడుగుతున్నాను. చాలా వాటికి జవాబు వెంటనే వచ్చేస్తుంది, కొంచెం సిగ్గుగా కూడా ఉంటుంది.

రెండో ఏడాది బోర్లా పడ్డాను. ఇల్లు విశాలమయ్యాక, మిగిలిన నాలుగు వస్తువులైనా బాగుండాలని బుద్ధి పుట్టింది. పాత బల్ల తీసేసి సన్నటి కొత్త బల్ల కొన్నాను. దాని పక్కన కుర్చీ మోటుగా కనిపించింది. కుర్చీ మార్చాను. తర్వాత దీపం. ఆ తర్వాత పెన్నుల డబ్బా కూడా, నిజంగా! ఫ్రెంచి రచయిత డిడెరో 1769లోనే ఈ బాధ రాసుకున్నాడు. ఇంట్లో తొడుక్కునే మంచి ఎర్రటి పొడవాటి గౌను ఎవరో ఇస్తే, దాని ముందు గదిలోని పాతవన్నీ వెలవెలబోయాయట, ఒక్కొక్కటే మార్చుకుంటూ పోయాడట. గ్రాంట్ మెక్‌క్రాకెన్ అనే పరిశోధకుడు 1988లో దీనికి డిడెరో ఎఫెక్ట్ అని పేరు పెట్టాడు. తెల్ల గోడ, చెక్క బల్ల, ఒకే ఒక్క మొక్క ఉన్న ఫొటోలు చూసి చూసి నేను చేసింది ఖాళీ చేయడం కాదు, సామాను మార్చడం. ఆ ఏడాది నా ఖర్చు అంతకుముందు ఏడాది కన్నా ఎక్కువ. మార్కుల్లో ఒక అర ఇక్కడే పోయింది.

ఇంకో ఒకటి పోయింది మా ఆయన డబ్బా దగ్గర.

బిస్కెట్లు వచ్చే రేకు డబ్బా అది. నిండా మరలు, నట్లు, వాషర్లు, పాత రేడియోల నుంచి ఊడదీసిన ముక్కలు. మూత తీస్తే తుప్పు వాసన. ఆయన ఊళ్లో లేనప్పుడు ఇనుప సామాను తీసుకెళ్లేవాళ్లకు ఇచ్చేశాను. మంచి పని చేశాననే అనుకున్నాను. నెల తర్వాత కళ్లజోడు కాడ ఊడి, ఆయన అటక దగ్గరికి వెళ్లి చాలాసేపు వెతికారు.

“ఆ డబ్బా ఏది?”

“ఇచ్చేశా. పనికిరాని మరలే కదా అని.”

అరుస్తారనుకున్నాను, అరవలేదు. స్టూలు దిగి కూర్చుని, “అందులో కళ్లజోడు మరలు నాలుగు, చిన్న ప్లాస్టిక్ కవర్లో అడుగున ఉండేవి. తలుపు గడియది ఒకటి. నీ కుట్టుమిషన్‌ది ఒకటి. నీకు అది చెత్తేమో గానీ, అందులో ఏముందో నాకు తెలుసు” అన్నారు.

ఆ మాట నన్ను వదల్లేదు. మూడు టేపుల గొడవ ఎందుకు వచ్చింది? ఇంట్లో టేపు ఉందని మాకు తెలియక. వస్తువులు ఎక్కువై కాదు. ఆయన డబ్బాలో ముక్కలు వందల్లో ఉండొచ్చు, ఆయన మాత్రం ఏనాడూ ఒకే మర రెండుసార్లు కొనలేదు. నేనేమో ముప్పై మూడు లాంటి అంకెలు పట్టుకుని కూర్చున్నాను. ఆరోజు నుంచి నా లెక్క మారింది. ఎన్ని ఉన్నాయని అడగను. ఈ పెట్టెలో ఏముందో తెరవకుండా చెప్పగలనా అని అడుగుతాను. చెప్పగలిగితే ఉండనిస్తాను. ఇంకొకరి వస్తువైతే ఆ ప్రశ్న వాళ్లనే అడుగుతాను, నా చెయ్యి పెట్టను. ఇది ఏ పద్ధతిలోనూ మొదటి పేజీలో ఉండదు, ఉండాల్సింది అక్కడే.

నిజంగా పనికొచ్చినవీ చెప్పాలి. ‘ఎప్పుడైనా అవసరపడుతుంది’ అనిపించే వాటికి ఒక పెట్టె, మీద తేదీ. ఏడాదిలోపు తెరవకపోతే, తెరవకుండానే ఇచ్చేయమంటారు చాలామంది. నేను తెరిచే చూస్తాను. ఒకసారి అందులో ఇంటి కాగితం ఒకటి దొరికింది కాబట్టి ఆ ధైర్యం నాకు లేదు. రెండోది, కొనాలనుకున్న వస్తువు పేరు ఒక చీటీ మీద రాసి నెలరోజులు తలుపుకు అంటించడం. చాలా చీటీలు నేనే చింపేశాను. కొన్నిటి మీద నా రాత చూస్తే ఇదెందుకు కావాలనుకున్నానో కూడా గుర్తురాలేదు. మూడోది చెప్తే నవ్వుతారేమో, ఉచితంగా వచ్చేవాటికి ‘వద్దండీ’ అనడం. సంచులు, పెన్నులు, పేరు ముద్రించిన బాటిళ్లు. మా ఇంటి సామానులో మేం ఇష్టపడి కొన్నవాటి కన్నా మాకు తెలియకుండా వచ్చి చేరినవే ఎక్కువని రెండేళ్లకు తెలిసింది.

పనికిరానిది, మళ్లీ కొనుక్కోవచ్చులే అన్న ధీమాతో పారేయడం. ఇరవై డాలర్ల లోపు, ఇరవై నిమిషాల్లో మళ్లీ తెచ్చుకోగలిగేదైతే వదిలేయమని అమెరికాలో మిల్‌బర్న్, నికోడెమస్ అనే ఇద్దరు చెప్పే సూత్రం ఉంది. జేబు నిండుగా ఉన్నవాళ్లకు అది బాగానే ఉంటుంది. డబ్బుకు కటకటలాడే ఇంట్లో పాత దుప్పటి, ఊడిన బకెట్ పిడి కూడా రేపటికి భరోసా. అలాంటి ఇంటికి వెళ్లి సామాను తగ్గించుకోండని చెప్పే ముఖం నాకు లేదు. ఒకప్పుడు మా అమ్మకు చెప్పాను. ఆమె వినలేదు, మంచిదే అయింది.

ఇల్లు ఇప్పుడు ఫొటోలో ఉన్నట్టు ఉండదు. జ్వరాలొచ్చిన వారం కుర్చీ మీద బట్టల గుట్ట ఉంటుంది. మేరీ కోండో కూడా మూడో బిడ్డ పుట్టాక ఇల్లు సర్దడం ఒకరకంగా వదిలేశానని 2023లో చెప్పారు. కొందరు వెక్కిరించారు, నాకైతే అది చదివాకే ప్రాణం కాస్త కుదుటపడింది. తేడా ఏమిటంటే, ఆ గుట్ట గంటలో సర్దుకుంటుంది. ఒకప్పుడు రోజంతా పట్టేది, సగంలో విసుగొచ్చి మంచం కిందకు తోసేదాన్ని.

నాన్న ఉత్తరాల పెట్టె అలాగే ఉంది. అన్నీ స్కాన్ చేశాను, కాగితాలు కూడా ఉంచాను. ఎన్ని ఉన్నాయో, ఏది ఏ నెలదో చూడకుండా చెప్పగలను.

మొన్న అక్క ఫోన్ చేసింది. ఇల్లు మారుతున్నారట, “నాన్న కుర్చీ పెట్టడానికి చోటు లేదే, నీకు కావాలా, నువ్విప్పుడు ఏమీ ఉంచుకోవట్లేదుగా” అని దెప్పింది. కొలతలు చెప్పమన్నాను. టేపు ఇప్పుడు ఒకటే, తలుపు వెనక మేకుకు ఉంటుంది. కిటికీ పక్కన మూల కొలిచాను. అరచేయి వెడల్పు మిగిలింది. పంపమన్నాను.

ఇది ఆ కుర్చీలో కూర్చునే రాశాను. దాని ఎడమ చెయ్యి కొంచెం ఊగుతోంది. దానికి పట్టే మర మా ఇంట్లో లేదు.