హెచ్04.2: కన్ను కారే కోడ్లతో ఏళ్ళ తరబడి పని చేశాక

డాక్టర్లు రాసిన కంటి పరీక్ష నోట్లను, అంటే చార్టులను, ఇన్సూరెన్స్ క్లెయిముల కోసం జబ్బు కోడ్లుగా మార్చే మాలాంటి కోడర్లకు రోజూ చేతికి తగిలే గుంపు హెచ్04.2. ఎపిఫోరా, అంటే కన్ను ఊరికే కారడం. నల్గొండలో ఇంట్లోనే కూర్చొని అమెరికా కంటి క్లినిక్‌ల చార్టులు చేస్తూ ఏళ్ళుగా వీటిని వాడుతున్నాను. నా అభిప్రాయం ముందే చెప్తా: అమెరికాలో వాడే జబ్బు కోడ్ల పట్టిక ఐసీడీ-10-సీఎంలో ఇంత పొందికగా కుదిరిన గుంపులు తక్కువ. కాకపోతే డాక్టర్ కారణం రాయని రోజున ఆ పొందికంతా వృథా.

పాత ఐసీడీ-9లో దీనికి మూడే కోడ్లుండేవి: 375.20, 375.21, 375.22. ఏ కన్ను అన్నది వాటిలో ఉండదు. 2015 అక్టోబర్ 1న అమెరికా కొత్త పద్ధతికి మారాక ఆ మూడు కాస్తా పన్నెండయ్యాయి. ఐదో స్థానంలో కారణం, ఆరో స్థానంలో వైపు. చుక్క తర్వాత 20 అంటే కారణం చెప్పలేదు. 21 అంటే కన్నీళ్ళు ఎక్కువ ఊరుతున్నాయి. 22 అంటే ఊరిన నీళ్ళు సరిగా దిగిపోవడం లేదు. చివర 1 వస్తే కుడి, 2 ఎడమ, 3 రెండూ, 9 అంటే ఏదో రాయలేదు. ఇండెక్స్‌లో అబ్‌నార్మల్ లాక్రిమేషన్ అని వెతికినా ఎపిఫోరా దగ్గరికే పంపుతుంది కాబట్టి దారి తప్పే పని లేదు. ఆరు స్థానాలూ నిండనిదే క్లెయిమ్ పోదు.

21కీ 22కీ తేడా నాకు నిజంగా మనసుకు పట్టింది మా మేనత్త వల్ల. ఆమెది మిర్యాలగూడ. ఎడమ కన్ను ఎప్పుడూ కారుతుండేది. కొంగుతో తుడిచి తుడిచి కింది రెప్ప ఎర్రగా ఒరిసిపోయింది. ఎవరడిగినా "ఏడుస్తలేను బిడ్డా, కన్నే కారుతున్నది" అనేది. రైస్ మిల్లుల దుమ్ము పడక అట్లయితున్నదని ఇంట్లో అందరి నమ్మకం. నల్గొండకు పిలిపించి కంటి డాక్టర్ దగ్గరికి తీసుకుపోయాను. ఆయన ముందు ముక్కు పక్కన కంటి మూల మీద వేలితో నొక్కి చూశాడు. తర్వాత మొన లేని సన్న సూదిని కింది రెప్ప మూలనున్న చిన్న రంధ్రంలో పెట్టి మెల్లగా సెలైన్ ఎక్కించాడు. "గొంతులోకి ఉప్పగా దిగిందా అమ్మా?" అని అడిగితే "ఏం రాలే సారు" అంది అత్త. ఎక్కించిన నీళ్ళన్నీ పై రెప్ప రంధ్రంలోంచి తిరిగొచ్చి చెంప మీదికి జారాయి. ముక్కులోకి దిగే నాళం మూసుకుపోయిందని, డీసీఆర్ ఆపరేషన్‌తో కొత్త దారి చేయాలని చెప్పాడాయన. దుమ్ము కాదు, ఊట ఎక్కువై కాదు, పోయే దారే లేదు.

ఇప్పుడు చార్టులో "ఇరిగేషన్: రిఫ్లక్స్ ఫ్రమ్ అపోజిట్ పంక్టమ్" (ఎక్కించిన నీళ్ళు రెండో రెప్ప రంధ్రంలోంచి తిరిగొచ్చాయి) అన్న లైన్ కనిపిస్తే అక్కడ ఏం జరిగిందో నాకు కళ్ళకు కట్టినట్టు ఉంటుంది. అయినా ఆ లైన్ చూసి నేను 22 వేయకూడదు. పరీక్ష ఫలితానికి అర్థం చెప్పాల్సింది డాక్టర్. అసెస్‌మెంట్‌లో, అంటే చివరికి ఏం తేల్చారో రాసే చోట, ఆయన ఉత్త "ఎపిఫోరా, ఓడీ" (కుడి కన్ను) అని వదిలేస్తే నాకు దొరికేది హెచ్04.201 ఒక్కటే. రెండు పేరాల ముందు కారణం కనబడుతూనే ఉంటుంది, కోడ్‌లో మాత్రం "కారణం చెప్పలేదు" అని పోతుంది. ఈ బాధ ఈ గుంపుతో పని చేసే ప్రతి కోడర్‌కూ తెలుసు. వివరణ అడుగుతూ క్వెరీ పంపితే కొందరు డాక్టర్లు అదే రోజు సరిచేసి పంపుతారు. జవాబే రాని క్వెరీలూ ఉంటాయి, టార్గెట్ మాత్రం ఆగదు. గతంలో నేను పని చేసిన ఒక కంపెనీలో క్వెరీలు పెడితే ప్రొడక్షన్ పడిపోతుందని టీమ్ లీడ్లు మొహం చిట్లించేవాళ్ళు, ఆడిట్‌లో అన్‌స్పెసిఫైడ్ కోడ్ కనిపిస్తే మళ్ళీ వాళ్ళే మార్కులు కోసేవాళ్ళు. అది అన్యాయమని అప్పుడూ అన్నాను, ఇప్పుడూ అంటున్నాను.

ఇంకో సంగతి కొత్తవాళ్ళకు వివరంగా చెప్పాలి. ఎపిఫోరా జబ్బు కాదు, లక్షణం. నాళం మూసుకుపోయిందని డాక్టర్ ఖాయంగా రాస్తే హెచ్04.55 గుంపుకు పోవాలి. మా అత్తలా ఎడమ వైపైతే హెచ్04.552. ఆ జబ్బులో కన్ను కారడం ఎలాగూ ఉండేదే కాబట్టి పక్కన ఎపిఫోరా కోడ్ అక్కర్లేదు. అదే డాక్టర్ "సస్పెక్టెడ్" అనో "ప్రాబబుల్" అనో "రూల్ అవుట్" అనో అనుమానంగానే రాస్తే, అవుట్‌పేషెంట్ (ఆసుపత్రిలో చేరకుండా చూపించుకునేవాళ్ళ) నియమం ప్రకారం ఆ జబ్బును కోడ్ చేయొద్దు. అప్పుడు మళ్ళీ ఎపిఫోరాయే దిక్కు. ఈ గుంపు అసలు విలువ ఇక్కడే ఉంది. రోగం తేలేదాకా పేషెంట్ ఎందుకొచ్చాడో నిజాయితీగా చెప్పడానికి ఒక చోటు ఇస్తుంది. కన్ను పొడిబారి, దానికి రిఫ్లెక్స్‌గా నీళ్ళు కారుతున్నాయని రాసినప్పుడు కూడా నేను ఎపిఫోరా బదులు పొడి కన్ను కోడ్, రెండు కళ్ళకైతే హెచ్04.123, వేస్తాను.

చంటిపిల్లల చార్టు వస్తే ఆగి చదవాలి. పసికందుల నాళం అడ్డంకికి హెచ్04.53 ఉంది, పుట్టుకతోనే నాళం ఇరుకుగా ఉంటే క్యూ10.5 ఉంది. ఎక్స్‌క్లూడ్స్1 (రెండు కోడ్లు ఒకేసారి వేయొద్దనే) నోట్ వల్ల ఆ రెండూ కలిపి వేయలేం.

నన్ను ఇప్పటికీ జాగ్రత్తగా ఉంచేది ఆఖరి అంకె. ముసలివాళ్ళలో కింది రెప్ప వేలాడి కన్ను కారడం మామూలే. రెప్ప కోడ్లు హెచ్02లో ఉంటాయి, అక్కడ లెక్క వేరు: 1 కుడి పై రెప్ప, 2 కుడి కింది రెప్ప, 4 ఎడమ పైది, 5 ఎడమ కిందిది. హెచ్02.132 అంటే కుడి కింది రెప్ప, హెచ్04.222 అంటే ఎడమ వైపు. ఒకే చార్టులో రెండు గుంపులూ పక్కపక్కన వస్తే సాయంత్రం పూట అలసిన కళ్ళకు 2 అంటే ఎడమే అనిపిస్తుంది. ఎన్‌కోడర్‌లో (కోడ్లు వెతికే సాఫ్ట్‌వేర్) కోడ్ ఒక్కటే చూడకుండా పూర్తి వివరణ చదివాకే నేను సబ్మిట్ కొడతాను.

మార్కులంటే ఐదుకు నాలుగు ఇస్తాను. ఆ ఒక్కటి తగ్గించింది 209, 219, 229 కోసం. కంటి సమస్యకు ఏ కన్నో చెప్పని కోడ్ ఉండాల్సిన అవసరం నాకు కనిపించదు. పేషెంట్ ఎదుట కూర్చున్నాక ఏ కన్నో డాక్టర్‌కు తెలియకుండా ఉండదు కదా. మా టీమ్‌కు వెనక్కొచ్చిన క్లెయిముల్లో ఈ 9 తరచూ కనిపించేది. చార్టులో వైపు దొరక్కపోతే ముందు స్లిట్ ల్యాంప్ (కన్నును పెద్దదిగా చూపే పరికరం) ఎగ్జామ్ టేబుల్ చూడండి, కుడి ఎడమలకు వేర్వేరు గడులుంటాయి. అక్కడ తేడా కనిపిస్తే దాన్నే చూపిస్తూ క్వెరీ రాయండి. జవాబు త్వరగా వస్తుంది.