గుడ్డు ముట్టని అత్తయ్యగారితో గ్రీసులో నువ్వుల కేక్

గ్రీసు అనగానే అందరూ సాంతోరినిలో తెల్ల ఇళ్ళ ఫొటోలు అడుగుతున్నారు. మేము ఆ దీవి వైపే పోలేదు. మార్చిలో ఉత్తర గ్రీసులోని థెస్సలొనీకి నగరంలో కొన్నాళ్ళు, ఏథెన్స్‌లో కొన్నాళ్ళు ఉండి వచ్చాం. మార్చి ఎందుకంటే తిండి కోసం. మా అత్తయ్యగారు గుడ్డు ముట్టరు. ఇదివరకు ఆవిడతో యూరప్ వెళ్ళినప్పుడు బేకరీల అద్దాల ముందు నిలబడి చూడటమే తప్ప ఏదీ కొనలేకపోయాం. గ్రీసులో మాత్రం ఈస్టర్‌కి ముందు ఏడు వారాల పాటు ఉపవాసాలు. నిష్ఠగా ఉండేవాళ్ళు మాంసం, చేపలు, గుడ్లు, పాలు, వెన్న అన్నీ మానేస్తారు. ఆ రోజుల్లో చేసుకునే కేకే తహినోపిత. నువ్వుల ముద్ద, నారింజ రసం, మైదా, పంచదార, దాల్చినచెక్క, అంతే. దాన్ని తినడమే కాదు, అక్కడే ఒకసారి మా చేత్తో చేసి చూడాలని ముందే అనుకున్నాం కాబట్టి బసలన్నీ ఓవెన్ చూసుకునే బుక్ చేశాం.

తేదీల దగ్గర జాగ్రత్త. వాళ్ళ ఈస్టర్ మన క్యాలెండర్‌లో కనిపించే ఈస్టర్ కాదు, వాళ్ళది ఆర్థొడాక్స్ అనే క్రైస్తవ శాఖ, లెక్క వేరు. ఉపవాసాలు ‘కథారా దెఫ్తేరా’ అనే సోమవారం మొదలవుతాయి. 2026లో అది ఫిబ్రవరి 23, 2027లో మార్చి 15. ఆ సోమవారం జనం గాలిపటాలు ఎగరేస్తారు, నువ్వులు చల్లిన లగానా అనే బల్లపరుపు రొట్టె తింటారు. దుకాణంలో ఏదైనా చూపించి ‘నిస్తిసిమో?’ అని అడిగితే చాలు, ఉపవాసానికి పనికొస్తుందో లేదో చెప్పేస్తారు. అయితే వాళ్ళ నియమాల్లో రొయ్యలు, స్క్విడ్, ఆక్టోపస్ తినొచ్చు. హోటల్లో ‘ఉపవాసపు పళ్ళెం’ అని ఆర్డర్ చేస్తే ఆక్టోపస్ రావచ్చు. తరమొసలాత అనే లేతగులాబీ రంగు పచ్చడి చేపగుడ్లతో చేసేది, అదీ ఈ జాబితాలోదే. మార్చి 25న వాళ్ళకి జాతీయ దినం, మత పండగ కలిసి వస్తాయి. ఆ రోజు చేపకి అనుమతి ఉంది కాబట్టి ఎక్కడ చూసినా వేయించిన కాడ్ చేపే, కొట్లు చాలావరకు మూసేస్తారు. ముందురోజే సరుకులు తెచ్చుకోండి.

థెస్సలొనీకిలో మెట్రో 2024 నవంబరు 30న మొదలైంది. డ్రైవర్ లేని రైళ్ళు, టికెట్ 60 సెంట్లు, రైల్వే స్టేషన్ నుంచి ఊరి నడిబొడ్డుకి నాలుగైదు నిమిషాలు. వెనిజెలు స్టేషన్ తవ్వుతుంటే బయటపడ్డ పాత బైజాంటైన్ వీధిని అక్కడే ఉంచి చూపిస్తున్నారు. టికెట్ డబ్బుకి మ్యూజియం కూడా చూసినట్టే. విమానాశ్రయానికి మాత్రం మెట్రో లేదు, బస్సే దిక్కు. సాయంత్రం ఆ బస్సులో పెట్టెలతో నిలబడటం పెద్దవాళ్ళకి కష్టం. ముగ్గురుంటే టాక్సీ మేలు.

మొదట దిగింది ఆనో పోలిలో, అంటే కొండమీద పాత ఊళ్ళో. కిటికీలోంచి సముద్రం, ఓడలు, పొద్దునపూట అన్నీ అందమే. కానీ రాళ్ళు పరిచిన ఏటవాలు సందులు. కూరగాయల సంచితో ఒకసారి ఎక్కేసరికి అత్తయ్యగారు ‘అమ్మాయ్, తిరుమల మెట్లైనా మొక్కుకుని ఎక్కుతాం, ఇదెందుకు?’ అన్నారు. పైగా ప్రకటనలో ఓవెన్ ఉందన్నది రొట్టె ముక్కలు కాల్చుకునే చిన్న పెట్టె. కేక్ పళ్ళెం అందులో పట్టదు. ఇంటాయనకి మెసేజ్ పెడితే ‘చాలామందికి సరిపోతుందండీ’ అని జవాబు. రాత్రికి 60 యూరోల పైన ఇచ్చి దృశ్యం కొనుక్కున్నాం అనుకోవాలి. ఇద్దరే, పడుచువాళ్ళు, బయటే తింటాం అనుకుంటే ఆ చోటుకి వంక పెట్టను.

తర్వాత రొటుండా అనే గుండ్రటి రోమన్ కట్టడం దగ్గర ఒక అపార్ట్‌మెంట్‌కి మారాం. కింద విశ్వవిద్యాలయం కుర్రాళ్ళ కాఫీ షాపులు, రాత్రి గోల బాగానే ఉంది, నిద్ర తేలిగ్గా చెదిరేవాళ్ళు వీధివైపు గది వద్దనాలి. కానీ అసలైన వంటిల్లు, పూర్తి సైజు ఓవెన్, నడిచి వెళ్ళే దూరంలో మార్కెట్. పైఅంతస్తులో ఉండే ఇంటావిడ మొదటిరోజే వచ్చి కరెంటు బోర్డులో రెండు మీటలు చూపించారు. ఒకటి వేడినీళ్ళ హీటర్‌కి, ఒకటి పొయ్యికి. గ్రీసు ఇళ్ళలో చాలాచోట్ల ఇంతే. ఓవెన్ మీద నాబ్ ఎంత తిప్పినా బోర్డులో మీట వేయకపోతే వెలగదు, రెండూ ఒకేసారి వేస్తే పాత ఇళ్ళలో ఫ్యూజు పోవచ్చు. ఈ సంగతి ఏ ప్రకటనలోనూ రాయరు, చెక్-ఇన్ రోజునే అడిగి తెలుసుకోండి. బస పన్ను అని ప్రభుత్వం రాత్రికింత విడిగా వసూలు చేస్తుంది. అది ఏప్రిల్ నుంచి అక్టోబరు దాకా ఎక్కువ, చలికాలంలో తక్కువ. మార్చికి ఇది ఇంకో లాభం.

బేకరీల్లో తహినోపిత అడిగితే ఎక్కువచోట్ల ఇచ్చేది కేక్ కాదు. ఈస్ట్ పిండిని పలచగా వత్తి, నువ్వుల ముద్ద, పంచదార పూసి, చుట్టచుట్టి కాల్చిన రొట్టె. సైప్రస్‌లోనూ తహినోపిత అంటే ఇదే. కాఫీతో బాగుంటుంది, పొరలు పొరలుగా విడిపోతుంది, తీపి కాస్త ఎక్కువ. కేక్ రకం మాత్రం ఎక్కువగా ఇళ్ళలోనే చేసుకుంటారు. కొన్ని మిఠాయి కొట్లలో ముక్కలుగా అమ్ముతారు. మేము రెండు మూడు చోట్ల కొన్నాం. ఒకచోట ఎండిపోయి గొంతు పట్టింది, ఇంకోచోట లవంగం తప్ప ఇంకేమీ తెలియలేదు. పొద్దున్నే బండ్ల మీద అమ్మే కులూరి అనే నువ్వుల రింగు రొట్టె మాత్రం ఎక్కడ కొన్నా నిరాశ పరచలేదు. యూరో లోపే, కడుపు నిండుతుంది, థెస్సలొనీకి దానికి పెట్టింది పేరు.

సరుకులకి కపాని మార్కెట్. పక్కనే 1920లలో కట్టిన మొదియానో మార్కెట్‌ని బాగుచేసి 2022 చివర్లో మళ్ళీ తెరిచారు. అది చూడ్డానికి అద్దంలా ఉంది, లోపల తిని తాగే చోట్లే ఎక్కువ, ధరలూ అలాగే ఉన్నాయి. కొనడానికి కపానియే. ఆలివ్‌లు, ఎండుద్రాక్ష, ఆక్రోట్లు, దిమ్మల నుంచి కోసి తూచి ఇచ్చే నువ్వుల హల్వా. 1922 తర్వాత ఆసియా మైనర్ నుంచి శరణార్థులు లక్షల్లో గ్రీసుకి వచ్చారు. ఈ ఊరి తిండి మీద వాళ్ళ ముద్ర గట్టిది. 1924లో మొదలైన హైతోగ్లూ అనే కంపెనీ వాళ్ళ హల్వా, తహిని (అంటే ఆ నువ్వుల ముద్దే) ఇప్పటికీ సూపర్‌మార్కెట్లలో దొరుకుతాయి. తహిని రెండు రకాలు, పొట్టు తీసిన నువ్వులది తెల్లగా, పొట్టుతో చేసినది గోధుమరంగులో. కేక్‌కి తెల్లదే, రెండోది చేదు. కొట్టతను ఉప్పునీళ్ళలో నానబెట్టి పొట్టు వేరుచేస్తారని సైగలతో చెబుతుంటే అత్తయ్యగారు మధ్యలోనే అందుకుని, నానబెట్టి గోనెపట్టా మీద రుద్దడం అభినయించి చూపించారు. భాష రాకపోయినా ఇద్దరికీ పావుగంట కాలక్షేపం అయింది, మాకు గుప్పెడు ఎండుద్రాక్ష కొసరు వచ్చింది.

చేసే పద్ధతి ఇంటావిడ దగ్గరుండి చూపించారు. పావుకిలో తహినిని సీసా అడుగు నుంచి బాగా కలపాలి, నూనె పైకి తేలి ఉంటుంది కాబట్టి. అందులో 200 గ్రాముల పంచదార. 300 మిల్లీలీటర్ల తాజా నారింజ రసంలో అర చెంచా వంటసోడా వేస్తే బుసబుసా పొంగుతుంది, గిన్నె పెద్దది తీసుకోవాలి. ఆ రసం కొద్దికొద్దిగా పోస్తుంటే మొదట తహిని బిగుసుకుపోతుంది, విరిగిపోయిందేమో అనిపిస్తుంది. ఆపకుండా పోస్తూ కలిపితే తెల్లబడి, మెత్తబడి జారుతుంది. నువ్వుల పొడికి ముందు తడి తగిలి ముద్దకట్టడం, తర్వాత నీరు పెరిగి నూనెతో కలిసిపోవడం వల్ల అలా అవుతుందట. అప్పుడు 300 గ్రాముల మైదా, రెండు చెంచాల బేకింగ్ పౌడర్, చెంచా దాల్చినచెక్క పొడి, పావు చెంచా లవంగం పొడి, నారింజ తొక్క తురుము. మైదా వేశాక ఎక్కువ కలపకూడదు, కేక్ సాగుతుంది. చివర్లో ఆక్రోటు ముక్కలు, ఎండుద్రాక్ష. పిండి ఇడ్లీ పిండి కంటే కాస్త గట్టిగా ఉంటే సరి.

పళ్ళేనికి నూనె రాసి నువ్వులు చల్లి, పిండి పోసి, పైన మళ్ళీ నువ్వులు. 180 డిగ్రీల దగ్గర, ఫ్యాన్ లేకుండా పైకిందా వేడితో 45 నుంచి 50 నిమిషాలు. ఫ్యాన్ వేస్తే పైన నువ్వులు ముందే మాడతాయి. పిండిలో చుక్క నూనె పోయలేదు, తహినిలో ఉన్నదే చాలు. కటిక ఉపవాసం రోజుల్లో నూనె కూడా మానేసేవాళ్ళకి ఈ కేక్ అందుకే పనికొస్తుంది. గుడ్ ఫ్రైడే నాడు తహినితో చారు కూడా కాస్తారట. అది రుచి చూడకపోయినా నాకేం బెంగలేదు.

వేడిగా కోయనివ్వలేదు ఇంటావిడ. చల్లారాక ముక్క తింటే బయట కరకర, లోపల బరువుగా, తడిగా, వెనకాల నువ్వుల చిరుచేదు. మర్నాటికి ఇంకా బాగుంది, మసాలా దిగింది. ఏథెన్స్ రైల్లో మా మధ్యాహ్న భోజనం అదే. ప్రయాణం అయిదు గంటలు, క్యాంటీన్‌లో మాకు పనికొచ్చేది చిప్స్, కాఫీ తప్ప ఏమీ లేదు కాబట్టి తిండి కట్టుకునే ఎక్కండి.

ఏథెన్స్ సంగతి తక్కువ చెబుతాను. అక్రోపోలిస్ అందరూ రాశారు. బస కుకాకి అనే పేటలో, మెట్రో దగ్గర, శుభ్రంగా ఉంది, ధర థెస్సలొనీకి కంటే బాగా ఎక్కువ. మెట్రో టికెట్ 1.20 యూరోలు, 90 నిమిషాలు చెల్లుతుంది. మసాలాలకి ఎవ్రిపీదు వీధి మంచిది, కానీ పక్కనే వర్వాకియోస్ మార్కెట్‌లో మాంసం హాలు. అటు నుంచి దారి తీస్తే మా అత్తయ్యగారిలాంటి వాళ్ళకి ఆ పూటకి భోజనం లేనట్టే. చుట్టూ తిరిగి వెళ్ళండి. వీధుల వెంట చెట్లకి నారింజలు వేలాడుతుంటాయి, అవి చేదు రకం, రసానికి పనికిరావు. కోయకుండా ఆవిణ్ణి ఆపడం మావారి ఉద్యోగం. మార్కెట్ చూపించి వంట నేర్పే క్లాసు ఒకటి తీసుకున్నాం, ఉపవాసపు వంట కావాలని ముందే రాశాం. తీరా వెళితే పాలకూర-చీజ్ పై, జజీకి అనే పెరుగు పచ్చడి. ముగ్గురికి పెట్టిన డబ్బుతో థెస్సలొనీకిలో ఇంకో రెండు రాత్రులు ఉండొచ్చు. ఈ కేక్ కోసమైతే ఏథెన్స్‌ని ఒకటి రెండు రోజులకి కుదించి మిగతాదంతా ఉత్తరానికి ఇస్తాను.

తహిని సీసాలు చెక్-ఇన్ పెట్టెలోనే పెట్టాలి, చేతిసంచిలో పెడితే ద్రవాల లెక్కలో తీసేస్తారు. హైదరాబాద్‌లో తహిని అయిపోయాక నువ్వుపప్పుని దోరగా, రంగు మారకుండా వేయించి, మిక్సీలో రెండు చెంచాల నువ్వుల నూనెతో ఆపి ఆపి తిప్పితే పని జరుగుతోంది. రసానికి కమలాపండ్లు సరిపోతాయి. బత్తాయితో చేసేటప్పుడు మాత్రం పులుపు చాలదు, సోడా వాసన మిగులుతుంది, అర నిమ్మకాయ పిండాలి.

మార్చిలో సెలవు దొరకనివాళ్ళకి ఆగస్టు 1 నుంచి 14 దాకా ఇంకో ఉపవాసం ఉంది. ఆగస్టు 27న ఫనూరియోస్ అనే సెయింట్ పేరిట, గుడ్డూ పాలూ లేని నూనె కేక్ చేసి గుడికి తీసుకెళ్తారు. పోయిన వస్తువులు దొరికేలా చేస్తాడని ఆయన మీద నమ్మకం. కాకపోతే ఆగస్టులో అక్కడ 35 డిగ్రీలు దాటుతుంది, గది ధరలు ఇంకా పైకి వెళ్తాయి, ఏసీ లేని వంటింట్లో ఓవెన్ వెలిగించడానికి మీకు ఓపిక ఉంటే బుక్ చేసుకోండి.