గుండమ్మ కథా, రాముడు భీముడా?

పండక్కి ఇంటిల్లిపాదీ కూర్చుని ఒక్కటే చూడాలంటే నా ఓటు రాముడు భీముడుకే. రెండింట్లోనూ ఎన్టీఆర్, జమున ఉన్నారు, మాటలు రాసింది డి.వి. నరసరాజే, ఇంట్లోవాళ్లే పీడించడమూ ఉంది. కానీ దెబ్బకు దెబ్బ తీసే తీరులో చాలా తేడా.

గుండమ్మ కథ (1962)లో సవతి కూతురు లక్ష్మిని పనిమనిషిలా చూసే గుండమ్మ ఇంటికి ఎన్టీఆర్ పనివాడు అంజిగా వచ్చి, రుబ్బురోలు దగ్గర కూర్చుని, నవ్విస్తూనే లెక్క సరిచేస్తాడు. అయినా సూర్యకాంతం మీద మనకి పూర్తిగా కోపం రాదు, అదే చిక్కు! ఇక గుండమ్మ సొంత కూతురు సరోజ పొగరు అణిచే భాగం ఇప్పుడు చూస్తే కాస్త ఇబ్బందే.

రాముడు భీముడు (1964) అలా కాదు. బావ రాజనాల కొరడా తీస్తే వణికిపోయే రాముడి స్థానంలోకి అతని కవల భీముడొచ్చి, అదే కొరడా లాక్కుని తిరిగి బాదుతుంటే, అబ్బ, ప్రాణం లేచొస్తుంది. తాపీ చాణక్య దీన్నే తమిళంలో ఎంజీఆర్‌తో, హిందీలో దిలీప్ కుమార్‌తో మళ్లీ తీశారు.

పాటలకైతే మాత్రం గుండమ్మ కథే, ఘంటసాల సంగీతం కదా.