కక్షా, కళ్లారా చూసిన సాక్షా? ఇంటివాళ్ల హత్య కేసుల్లో ఏది మేలు?

నెల్లూరు కోర్టు బయట టీ బంకు దగ్గర కాసేపు నిలబడితే చాలు, హత్య కేసు తీర్పు జడ్జి కంటే ముందే తెలిసిపోతుంది. "అన్నదమ్ములకి గట్టు తగాదా ఉండాది కదా, వాడు కాక ఇంకెవుడు చంపుతాడు?" ప్లీడరు గుమాస్తాగా ఈ మాట ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. బయట జనానికి కక్ష ఉంటే నేరం రుజువైపోయినట్టే. కోర్టు హాల్లో లెక్క వేరు.

ముందు ఒక చిక్కు. ఎందుకు చంపాడన్న కారణం, అంటే మోటివ్, ఒకటి. చంపాలన్న ఉద్దేశం ఇంకొకటి. పేపర్లవాళ్లు రెండింటినీ కలిపేస్తుంటారు. ఉద్దేశాన్ని ఆయుధం, దెబ్బ తగిలిన చోటు చెబుతాయి. కారణం తేలకపోయినా శిక్ష పడొచ్చు.

కోవూరు వైపు ఒక ఊరనుకోండి. మసక చీకట్లో తమ్ముడు గడ్డపారతో అన్నని కొట్టడం చూశానని అన్న భార్య చెప్పింది. పదేళ్లుగా సివిల్ దావా నడుస్తోంది. కక్షకేం కొదవ లేదు. అయితే ఆ కక్ష తమ్ముడు చంపడానికి ఎంత కారణమో, వదిన అతని పేరు ఇరికించడానికీ అంతే కారణం. దాన్ని ఏ పళ్లెంలో వేసినా త్రాసు కదలదు. ఇక మిగిలింది ఆమె మాటే.

"భార్య కాబట్టి నమ్మొద్దు" అంటాడు అవతలి వకీలు. దీనికి సుప్రీంకోర్టు 1953లోనే దలీప్ సింగ్ కేసులో జవాబు చెప్పింది. దగ్గరి బంధువు అసలు హంతకుణ్ణి వదిలేసి ఊరికే ఇంకొకరిని ఇరికించడం మామూలుగా జరగదంది. పగ రగిలినప్పుడు దోషితో పాటు గిట్టనివాడి పేరు కూడా కలిపే అవకాశం ఉందనీ అక్కడే హెచ్చరించింది. నలుగురు నిందితులున్న కేసులో నాలుగో పేరు నిలబడకపోవడం ఇందుకే. ఇంతమంది సాక్షులుండాలన్న నియమం కూడా లేదు. పాత సాక్ష్య చట్టం 134, ఇప్పటి భారతీయ సాక్ష్య అధినియమం 139 అదే చెబుతాయి. పూర్తిగా నమ్మదగ్గ సాక్షి ఒక్కరైనా చాలని 1957లో వడివేలు తేవర్ కేసు తేల్చింది.

ఆ నమ్మదగ్గ సాక్షి అనిపించుకోవడమే కష్టం. ఆమె ఎక్కడ నిలబడింది, ఎన్ని గజాల దూరం, వెలుతురెక్కడిది? మోటరు షెడ్డు బల్బు అందనుకోండి. పోలీసులకిచ్చిన మొదటి స్టేట్‌మెంట్‌లో ఆ బల్బు ఉందా, లేక ట్రయల్ నాటికి వెలిగిందా? ఎఫ్ఐఆర్ మేజిస్ట్రేటుకి ఎన్ని గంటలకి చేరింది? గడ్డపార దెబ్బలని ఆమె చెబితే పోస్ట్‌మార్టం రిపోర్టులో కత్తిగాట్లుంటే ఇంకేముంది, బెనిఫిట్ ఆఫ్ డౌట్, అంటే అనుమానం తాలూకు లాభం ముద్దాయికే.

ఒక కొడుకు ఇంకో కొడుకుని చంపిన ఇంట్లో తల్లి సంగతి చూడండి. ఆమెకి అబద్ధమాడి రెండోవాణ్ణి జైలుకి పంపాల్సిన అవసరమేముంది? ఆ మాటకి ఉన్నంత బరువు ఇంకే సాక్ష్యానికీ ఉండదు. కానీ పెద్దమనుషులు కూర్చుంటారు. "పోయినోడు ఎట్టాగూ రాడు, ఉన్నోణ్ణి పోగొట్టుకుంటావా?" అంటారు. ట్రయల్ నాటికి ఆమె "నేను చూడలేదయ్యా" అంటుంది. హత్య కేసుకి చట్టంలో రాజీ లేదు, ఇళ్లల్లో ఉంది. సాక్షి అడ్డం తిరిగినంత మాత్రాన సాక్ష్యమంతా చెరిగిపోదు, మిగతా ఆధారాలతో సరిపోలే ముక్కని కోర్టు తీసుకోవచ్చు. ఆ ముక్కైనా మిగిలితే కదా.

నాలుగు గోడల మధ్య, అర్ధరాత్రి, ఎవరూ చూడని చావైతే కక్షకి విలువ పెరుగుతుంది. అక్కడ కేసంతా ఒకదానికొకటి అతికిన చిన్న చిన్న ఆధారాల గొలుసు. ఏ కొక్కెం ఊడకూడదని 1984 శరద్ బిర్ధిచంద్ శార్దా తీర్పు. ఆ గొలుసులో కారణం ఒక కొక్కెం, లేకపోతే ముద్దాయికి లాభమే. ఇంట్లో ఉన్న భర్త, భార్య ఎలా చనిపోయిందో సరైన వివరణ ఇవ్వకపోతే అదీ అతనికి వ్యతిరేకంగా ఒక కొక్కెమేనని 2006 త్రిముఖ్ మారుతి తీర్పులో ఉంది. అయినా ఉత్త కక్షతోనే ఉరిగానీ యావజ్జీవంగానీ పడదు.

నన్నడిగితే చూసిన సాక్షి ఉన్నప్పుడు కక్ష గురించి గంటలు వాదించడం టైం వేస్టు. పార్టీలు మాత్రం పదేళ్ల దావా కాగితాలు సంచిలో మోసుకొచ్చి బల్ల మీద పరుస్తారు. మా ప్లీడరు గారు వాటిని పక్కకి జరిపి ముందు అడిగేది ఒకటే: "ఆ రాత్రి మోటరు షెడ్డుకి కరెంటుందా?"