‘ద హ్యాండ్‌మెయిడ్స్ టేల్’: రెడ్ సెంటర్ అధ్యాయాల కోసం చదవవలసిన నవల

కెనడా రచయిత్రి మార్గరెట్ అట్‌వుడ్ 1985లో వెలువరించిన ఈ నవల, 2017లో మొదలైన టెలివిజన్ ధారావాహిక వల్ల మరింతమందికి చేరింది. అయితే ధారావాహిక చూసినవారు కూడా పుస్తకాన్ని విడిగా చదవాలని గట్టిగా చెబుతాను, ముఖ్యంగా అందులోని రెడ్ సెంటర్ అనే శిక్షణ కేంద్రం కోసం.

అమెరికా ప్రభుత్వాన్ని కూలదోసి ఏర్పడిన గిలియడ్ అనే మతరాజ్యం, స్త్రీల బ్యాంకు ఖాతాలను స్తంభింపజేసి, ఉద్యోగాలు తీసేసి, చివరకు చదువుకోవడాన్నే నిషేధిస్తుంది. బిడ్డలను కనగలరని తేలిన కొందరిని ఉన్నతాధికారుల ఇళ్లకు, వారికి పిల్లలను కనిచ్చే దాసీలుగా (హ్యాండ్‌మెయిడ్‌లుగా) పంపేముందు రెడ్ సెంటర్‌లో ఉంచుతారు. అక్కడ పాఠాలు చెప్పేదీ, కాపలా కాసేదీ ఆంట్‌లనే స్త్రీలు. వారి నడుములకు పశువులను అదిలించే కరెంటు కర్రలు వేలాడుతుంటాయి గానీ, తుపాకీ మాత్రం బయట నిలబడ్డ మగవారికే. ఆ స్త్రీలకు దక్కిన అధికారం ఎంతవరకో ఈ ఒక్క వివరంతోనే తెలిసిపోతుంది.

పద్నాలుగేళ్ల వయసులో తనపై జరిగిన సామూహిక అత్యాచారాన్ని జానీన్ అనే యువతి అందరి ముందు చెప్పుకోవలసి వచ్చే ఘట్టం ఈ పుస్తకానికి గుండెకాయ. తప్పెవరిదని ఆంట్ అడిగితే, తోటి స్త్రీలంతా ఆమెదేనని ఒక్క గొంతుతో పలుకుతారు; ఏడిస్తే వెక్కిరిస్తారు. తరువాతి వారం ఎవరూ అనకముందే ఆమె తప్పు తనదేనని ఒప్పుకుంటుంది. ఆ క్షణంలో తామంతా ఆమెను నిజంగానే అసహ్యించుకున్నామని, ఆ దాసీలలో ఒకరైన కథకురాలు దాచకుండా చెప్పడం నన్ను కలచివేసింది. బాధితురాలినే నిందించే మాటలు మన ఇళ్లలో, పంచాయతీలలో విన్నవారికి ఈ పద్ధతి ఎంత సులువుగా పనిచేస్తుందో వివరించనక్కరలేదు.

కథనం గతానికీ వర్తమానానికీ మధ్య తరచు మారుతుంది కనుక ఓపిక కావాలి. 2195లో జరిగే చరిత్ర సదస్సు రూపంలో ఉన్న చివరి భాగాన్ని అనుబంధమనుకుని వదిలేయకూడదు. అక్కడి ఆచార్యుడు కథకురాలు పడిన వేదన కన్నా, ఆమెను ఏలిన అధికారి ఎవరో తేల్చడానికే ఎక్కువ ఆరాటపడతాడు. గిలియడ్ పోయినా ఆ చూపు పోలేదు.

2019లో వచ్చి బుకర్ బహుమతిని మరో నవలతో పంచుకున్న దీని కొనసాగింపు నవల ‘ద టెస్టమెంట్స్’లో, రెడ్ సెంటర్ ఆంట్‌లలో ఒకరైన లిడియా ఒకప్పుడు న్యాయమూర్తి అని తెలుస్తుంది. ఆమెను ఎలా లొంగదీశారో చెప్పే పుటలు బలంగా ఉన్నాయి గానీ, మిగతా కథ వేగానికి లొంగి, మొదటి నవలలోని ఉక్కిరిబిక్కిరిని చాలావరకు పోగొట్టుకుంది.